డ్రెస్‌కి నాలుగున్నర, డిజైనర్ మాటకి ఒకటి: పెళ్లయిన ఏడాదికి రాస్తున్న సమీక్ష

డ్రెస్ బాగుంది. ఇది ముందే చెప్పేస్తున్నా, లేకపోతే కింద రాసిందంతా చదివి నాకేదో నాసిరకం బట్ట అంటగట్టారని అనుకుంటారు. కుట్టు బాగుంది, చేతి పని ఇంకా బాగుంది, ఇప్పటికీ అతుకుల దగ్గర దారం లేచి రాలేదు. పనితనానికి ఐదుకి నాలుగున్నర ఇస్తాను. ఫోన్ ఎత్తడం, చెప్పిన రోజుకి చెప్పిన పని చూపించడం, ఆలస్యమైతే ఆలస్యమవుతోందని ఒక్క మాట చెప్పడం, వీటికి మాత్రం ఒకటే ఇస్తాను. ఆ ఒక్కటి కూడా ఎందుకిస్తున్నానో కింద ఉంది.

ఇన్నాళ్లాగి ఎందుకు రాస్తున్నానంటే, పెళ్లి డ్రెస్‌ల గురించి కనిపించే సమీక్షలు చాలావరకు పెళ్లి వారంలో రాసినవే. ఫొటోలు బాగా వచ్చాయన్న సంతోషంలో ఐదు స్టార్లు కొట్టేసేవాళ్లు, ఆఖరి నిమిషంలో చేతికొచ్చిందన్న మంటలో ఒకటి కొట్టేసేవాళ్లు. రెండూ అబద్ధం కాదు గానీ కొత్తగా ఆర్డర్ ఇవ్వబోయేవాళ్లకి వాటితో పెద్దగా పని జరగదు. నేను బట్ట ఎంచుకోవడం దగ్గర్నుంచి, పెళ్లయ్యాక అదే డ్రెస్‌ని అదే డిజైనర్ చేత మళ్లీ సరిచేయించుకోవడం దాకా అంతా చూశాను. పేరు రాయను, అడక్కండి. ఇది ఆవిడ ఒక్కరి గుణం అయితే పేరు రాసి ఊరుకునేదాన్ని. చిన్న స్టూడియోలు చాలావరకు ఇలాగే నడుస్తాయి.

మొదటి మీటింగ్‌లో ఆవిడని చూస్తే ఎవరైనా ఆర్డర్ ఇచ్చేస్తారు. నాకు ఫొటోలు చూపించే ముందే ప్రశ్నలు అడిగారు. ఆ రోజు ఎంతసేపు నిలబడతారు, కింద కూర్చోవాల్సి వస్తుందా, చేతులు పైకెత్తే పని ఉంటుందా, ఏ ఎత్తు చెప్పులు వేసుకుంటారు. కొలతలు అసిస్టెంట్‌కి వదలకుండా తనే తీశారు, నడుము నిలబడ్డప్పుడు ఒకసారి, కూర్చున్నప్పుడు ఒకసారి. చంక చుట్టుకొలత, భుజం నుంచి ఛాతీ మధ్యకి ఎంత దూరం, ఇవన్నీ ఒక పుస్తకంలో రాసుకున్నారు. అసలు బట్ట కోసే ముందు మామూలు కాటన్ గుడ్డతో ఒక నమూనా కుట్టి వేసి చూస్తామన్నారు. ఈ నమూనా సంగతి ఎత్తని డిజైనర్ దగ్గర ఖరీదైన బట్ట పెట్టకూడదని నా అభిప్రాయం, ఎందుకంటే కాటన్ మీద తప్పు జరిగితే గుడ్డ ముక్క పోతుంది, అసలు బట్ట మీద జరిగితే పెళ్లి డ్రెస్సే పోతుంది. ఆ నమూనా చెప్పిన రోజుకే తయారైంది, సరిగ్గా కూర్చుంది కూడా. అక్కడిదాకా అంతా సాఫీగానే నడిచింది.

రసీదు మాత్రం అప్పుడే తేడాగా అనిపించింది. అడ్వాన్స్ ఎంత, బాకీ ఎంత, బట్ట రంగు ఏమిటి అన్నీ ఉన్నాయి, డెలివరీ అన్న చోట మాత్రం "పెళ్లికి ముందు" అని రాశారు. తేదీ రాయమంటే నవ్వి, "మీ పెళ్లి డేట్ మాకు తెలుసు కదా మేడమ్, మా మీద వదిలేయండి" అన్నారు. పెళ్లికి ముందు అంటే నెల ముందూ కావచ్చు, పొద్దున్నే మండపానికి బయల్దేరే గంట ముందూ కావచ్చు.

అడ్వాన్స్ అందాక కొన్నాళ్లు మెసేజ్‌లకి వెంటనే జవాబు వచ్చేది. తర్వాత రెండో రోజుకి, ఆ తర్వాత వారానికి, ఆ తర్వాత నీలం టిక్కులు మాత్రమే. ఫోన్ చేస్తే అసిస్టెంట్ ఎత్తి "మేడమ్ ట్రయల్‌లో ఉన్నారండి, చేయిస్తాను" అనేది, పాపం ఆ అమ్మాయికి చెప్పడానికి ఇంకేం లేదు. అన్నిటికన్నా ఒళ్లు మండించింది ఇన్‌స్టాగ్రామ్. నా మెసేజ్ చూసి వదిలేసిన రోజునే వేరే పెళ్లికూతుళ్ల డ్రెస్‌లు, కొత్త డిజైన్లు, కొత్త ఆర్డర్లు తీసుకుంటున్నామన్న ప్రకటన, అన్నీ వరసగా స్టోరీల్లో కనిపించేవి. అప్పుడప్పుడు దయ కలిగితే "అయిపోవచ్చింది మేడమ్, టెన్షన్ పడకండి" అని ఒక లైను.

ఈ అయిపోవచ్చింది అన్న మాటని ఎవరైనా నమ్మే ముందు ఇలాంటి డ్రెస్ ఏ వరసలో తయారవుతుందో తెలుసుకోవాలి. నాకూ ఇది మధ్యలోనే తెలిసింది. చేతి పని ఉన్న డ్రెస్‌ని ముందు కుట్టి తర్వాత పూసలు అద్దరు. బట్టని కోయకుండానే దాని మీద ముక్కల ఆకారాలు గీసి, మగ్గానికి, అంటే బట్టని లాగి పట్టే చట్రానికి బిగించి, పనంతా ఆ గీతల్లోపల చేస్తారు. దారం, పూసలు పడేకొద్దీ బట్ట లాక్కుంటుంది కాబట్టి గీతల చుట్టూ అదనంగా గుడ్డ వదులుతారు. పని పూర్తయ్యాకే మగ్గం నుంచి దింపి, కొలత మళ్లీ చూసుకుని, కోసి, లైనింగ్ వేసి, కచ్చా కుట్టు మీద, అంటే తర్వాత విప్పేసే వదులు కుట్టుతో, ట్రయల్ పెడతారు. అంటే మగ్గం మీద తొంభై శాతం పని అయిపోయిన రోజున కూడా మీరు వేసుకుని చూడటానికి అక్కడ డ్రెస్ అనేదే ఉండదు. పైగా కింది గేరా, అంటే నడుము కింద విచ్చుకునే భాగం, క్రాస్‌లో (నేతకి ఐమూలగా) కోసింది అయితే కుట్టిన వెంటనే అంచు మడవకూడదు, కనీసం ఒక రోజంతా వేలాడదీయాలి, బట్ట సొంత బరువుకి ఒక్కో చోట ఒక్కోలా సాగుతుంది, ఆ తర్వాత సమం చేసి మడవాలి. ఇన్ని పనులు మిగిలి ఉండగా "అయిపోవచ్చింది" అంటే అది అబద్ధమని అనను గానీ, అందులో సమాచారం సున్నా.

ఇంకో సంగతి, చాలాచోట్ల డిజైనర్ స్టూడియోలో మగ్గం ఉండదు. పని బయట వర్క్‌షాప్‌కి వెళ్తుంది, అక్కడ ఆవిడ లాంటి డిజైనర్లు ఇంకొందరి పని కూడా ఉంటుంది, ముహూర్తాల సీజన్‌లో ఎవరు గట్టిగా అడిగితే వాళ్ల బట్ట ముందు మగ్గం ఎక్కుతుంది. కాబట్టి నేను డిజైనర్‌ని అడుగుతుంటే ఆవిడ ఇంకెవరినో అడుగుతూ ఉండి ఉంటారు, లేదా అడగడం మానేసి ఉంటారు.

నాకు చెప్పిన కారణాలన్నీ సాకులు కావు. ఒకటి నిజంగా నిజం. కింది గేరాకి బట్ట సరిపోక మళ్లీ తెప్పిస్తే, అదే నంబరు రంగు, వేరే సారి అద్దిన లాట్, పక్కపక్కన పెడితే తేడా కనిపించింది. రెండు ముక్కలూ స్వయంగా పట్టుకుని వెలుతురులో చూశాను. దాన్ని వాడేసి ఊరుకుని ఉంటే ఫొటోల్లో రెండు రంగులు పడేవి, వెనక్కి పంపడమే సరైన పని. ఆ విషయం ఆ రోజే చెప్పి ఉంటే ఇద్దరం కలిసి పరిష్కారం వెతికేవాళ్లం. నాకు చాలా రోజుల తర్వాత, అది కూడా అసిస్టెంట్ నోరు జారితే తెలిసింది. మిగతా కారణాలు, వర్కర్ ఊరెళ్లాడు, కరెంటు లేదు, మేడమ్‌కి ఒంట్లో బాలేదు, ఇవి ఒకదాని తర్వాత ఒకటి వస్తూ, మర్నాడు అడిగితే మారిపోతూ ఉండేవి.

ఇంట్లో దీని మీద రెండు పార్టీలు. అమ్మది ఒకటే మాట, "గట్టిగా మాట్లాడకు, బట్ట ఆవిడ చేతిలో ఉంది." అక్కేమో వెళ్లి కౌంటర్ ముందు కూర్చుని అరవమంది. అమ్మ భయం చిన్నది కాదు, ఆర్డర్ ఇచ్చిన ప్రతివాళ్లూ పడే భయమే అది, డబ్బు ఇచ్చేశాం, బట్ట కోసేశారు, ఇప్పుడు కోపం తెప్పిస్తే పని పాడుచేస్తారేమోనని. కానీ మెత్తగా ఉండటం వేరు, అడక్కుండా ఉండటం వేరు. అరవాల్సిన పని కూడా లేదు, అరిస్తే ఎదుటివాళ్లకి మాట్లాడకుండా ఉండటానికి ఇంకో కారణం దొరుకుతుంది, అంతే.

పని చేసిన మొదటి విషయం, ప్రశ్న మార్చడం. ఎంతవరకు వచ్చింది అని అడిగితే ఎప్పుడూ ఒకటే జవాబు. డ్రెస్‌ని కళ్లతో చూస్తే తప్ప చెప్పలేని ప్రశ్న అడగడం మొదలుపెట్టాను. ఎడమ చేతి ముక్క మగ్గం ఎక్కిందా లేదా? వెనక మెడ దగ్గర పని ఏ వరస దాకా వచ్చింది? ఈ రోజు దాని ఫొటో ఒకటి పెట్టగలరా? ఇలా అడిగితే రెండే జరుగుతాయి, ఫొటో వస్తుంది లేదా రాదు. రాకపోతే పని మొదలు కాలేదని అర్థం చేసుకున్నాను, తర్వాత తేలింది కూడా అదే. ఇంకోటి, ఒక మెసేజ్‌లో ఒకే ప్రశ్న. మెడ, చేతులు, రంగు, ట్రయల్ డేట్ అన్నీ కలిపి పెద్ద పేరా రాస్తే వాళ్లకి తేలికైన దానికి జవాబిచ్చి మిగతావి వదిలేస్తారు.

రెండోది, వెనక నుంచి లెక్క. పెళ్లి రోజు నుంచి వెనక్కి వచ్చాను. ఆఖరి ట్రయల్ తర్వాత చిన్నచిన్న మార్పులకి 2 నుంచి 3 వారాలు కావాలి. ఒకవేళ ఈ డ్రెస్ రాదనుకుంటే రెడీమేడ్ ఒకటి వెతుక్కుని, కొని, ఒంటికి సరిచేయించుకోవడానికి ఇంకొన్ని వారాలు. ఆ రెండూ తీసేస్తే ఒక తేదీ మిగిలింది. ఆ తేదీ డ్రెస్ చేతికొచ్చే తేదీ కాదు, ఇక్కడే ఆగాలా వేరే దారి చూసుకోవాలా అని నేను తేల్చుకోవాల్సిన తేదీ. మాట్లాడని డిజైనర్ మన దగ్గర లాక్కునేది సరిగ్గా దీన్నే. ఆలస్యాన్ని నేను భరించగలను, ఆ ఆలస్యం సంగతి దాచి నా చేతిలో ఉన్న టైమ్ కరిగించేయడమే భరించలేనిది.

ఆ తేదీతో ఒక మెసేజ్ రాశాను, వాట్సాప్‌లోనూ మెయిల్‌లోనూ. కోపం లేకుండా, ఇంచుమించు ఇలా: "నమస్తే మేడమ్. ఫలానా తేదీకి పై భాగం కచ్చా కుట్టు మీద నాకు ట్రయల్ వేయాలి. ఆ రోజుకి అది కుదరదనుకుంటే ఈ శనివారం లోపు చెప్పండి, డిజైన్‌లో ఏం తగ్గించొచ్చో కూర్చుని మాట్లాడుకుందాం. రెండూ జరక్కపోతే నా బట్ట, అప్పటిదాకా అయిన పని వెనక్కి తీసుకుని లెక్క చూసుకుంటాను." ఇందులో పనిచేసింది బెదిరింపు కాదనుకుంటాను, మధ్యలో ఉన్న తగ్గించే మాట. ఇన్నాళ్లూ ఆవిడ ముందు రెండే ఉన్నాయి, అంతా చేయగలను అనడం లేదా చేయలేను అని ఒప్పుకోవడం. మూడోది దొరికేసరికి ఆ సాయంత్రమే ఫోన్ చేశారు, నెలల్లో మొదటిసారి తనంతట తాను.

వెళ్లి చూస్తే పై భాగం మగ్గం మీద చాలావరకు అయింది, చేతులు మొదలే కాలేదు, వెనక నేల మీద జారే ట్రెయిల్‌కి బట్టే లేదు. అప్పుడు చెప్పారు, ఆ సీజన్‌కి మోయగలిగిన దానికన్నా ఎక్కువ ఆర్డర్లు ఒప్పుకున్నామని, ఇద్దరు వర్కర్లు మానేశారని, ఏం చెప్పాలో తెలియక ఫోన్ ఎత్తలేదని. కళ్లలోకి చూసి చెప్పారు. ఆ ఒక్క స్టార్ దీనికే. కూర్చుని చేతుల మీద పని అంచు వరకే చాలనుకున్నాం, ట్రెయిల్ తీసేశాం, గేరా మీద బూటీలు పలచగా వేయాలనుకున్నాం. నిజం చెప్పాలంటే ట్రెయిల్ లేకపోవడమే మేలయింది, ఆ రోజు జనంలో దాన్ని ఎవరో ఒకరు తొక్కకుండా ఉండరు.

దీని గురించి ఆలోచిస్తుంటే నాకు ఎప్పుడూ గుర్తొచ్చే పేరు యాన్ లో (Ann Lowe). 1953 సెప్టెంబరు 12న జాక్వెలిన్ బూవియే జాన్ ఎఫ్. కెనెడీని పెళ్లాడినప్పుడు ఆ డ్రెస్ కుట్టింది ఈవిడే, న్యూయార్క్‌లో పనిచేసిన నల్లజాతి డిజైనర్. పెళ్లికి దాదాపు 10 రోజుల ముందు వర్క్‌షాప్‌లో నీళ్ల పైపు పగిలి, పెళ్లికూతురి డ్రెస్‌తో పాటు తోడుపెళ్లికూతుళ్లవి కూడా చాలావరకు పాడైపోయాయి. మళ్లీ బట్ట కొని, రాత్రీపగలూ కుట్టించి, నష్టం తనే భరించి టైమ్‌కి చేర్చారు, అటువైపు వాళ్లకి జరిగింది చెప్పనే లేదు. ఈ కథ చెప్పి మా అక్క స్నేహితురాలొకావిడ, ఆమె కూడా బట్టలు డిజైన్ చేస్తుంది, "చూశావా, కస్టమర్‌కి అన్నీ చెప్పక్కర్లేదు" అంది. నిజమే, చెప్పకుండా మోయొచ్చు, చివరికి డ్రెస్ తెచ్చి చేతిలో పెట్టగలిగితే. పెట్టగలరో లేదో తమకే తెలియనప్పుడు నోరు మూసుకుంటే మాత్రం మోసేది మనం.

డబ్బు విషయం త్వరగా చెప్పేస్తాను. ఆఖరి ట్రయల్‌కి ముందే బాకీ మొత్తం కట్టమన్నారు. కట్టలేదు. పై భాగం ట్రయల్ అయ్యాక కొంత, గేరా కుట్టి వేలాడదీసిన రోజు కొంత, డ్రెస్ చేతికి వచ్చాక మిగిలింది అన్నాను, ఒప్పుకున్నారు. మన కొలతలకి కుట్టిన వస్తువుని నచ్చలేదని తిప్పి ఇచ్చే హక్కు చాలాచోట్ల ఉండదు. ఆన్‌లైన్‌లో కొన్నవి 14 రోజుల్లో వెనక్కిచ్చే హక్కున్న యూరోపియన్ యూనియన్‌లో కూడా కస్టమర్ కోరినట్టు ప్రత్యేకంగా చేయించినవాటికి ఆ హక్కు వర్తించదు. అందుకే ఇంకా ఇవ్వని డబ్బే మనకున్న అసలు బలం.

డ్రెస్ పెళ్లి వారంలో వచ్చింది. అక్క డ్రెస్ ఒకటి నా కొలతకి సరిచేసి బీరువాలో రెడీగా పెట్టుకున్నాను కాబట్టి ఆ వారం నిద్ర పట్టింది, లేకపోతే పట్టేది కాదు. ఆఖరి ట్రయల్‌కి అసలు వేసుకోబోయే చెప్పులే తీసుకెళ్లాను, ఒక పక్క అంచు వేలెడు ఎక్కువ దిగింది, అక్కడే సరిచేశారు. హుక్కులు పెట్టి, కూర్చుని, లేచి, చేతులు పైకెత్తి చూసుకుని గానీ బయటికి రాలేదు.

ఇక ఏడాది తర్వాత డ్రెస్ ఎలా ఉందో. లోపల మార్జిన్ ధారాళంగా వదిలారు, దాని విలువ తర్వాత తెలిసింది. చేయి ఆడినప్పుడు రాసుకునే చోట, చంక కింద, పూసలు కొన్ని రాలాయి, అక్కడ పని పెట్టకుండా ఉండాల్సింది, ఇది డిజైన్ లోపమే. జిప్ పక్కన హుక్కులు గట్టిగా ఉన్నాయి. లోహపు తీగ పని మడతల్లో కొద్దిగా నల్లబడింది, దానికి వాళ్లిచ్చిన ప్లాస్టిక్ కవరే కారణమనుకుంటున్నాను, తేమ బయటికి పోదు, లోహం రంగు మారుతుంది. ఉతికిన తెల్ల కాటన్ గుడ్డలో చుట్టి పెట్టాక ఇంకా పెరగలేదు. మడతలు కొన్ని నెలలకోసారి మార్చి పెడుతున్నాను.

కొంచెం లావయ్యాక, దగ్గరివాళ్ల పెళ్లికి దాన్నే వేసుకుందామని మళ్లీ ఆవిడ దగ్గరికే తీసుకెళ్లాను. ఎందుకెళ్లావని అందరూ తిట్టారు. ఆ లోపలి కుట్టు ఎలా వేశారో వేసినవాళ్లకే తెలుసు, వేరే టైలర్ ఆ పని మధ్యలో కత్తెర పెడతానంటే నాకు ధైర్యం చాలలేదు. ఈసారి రసీదు మీద తేదీ రాయించాను, నవ్వారు గానీ రాశారు. మెసేజ్‌లకి మళ్లీ అదే మౌనం. కానీ తేదీకి రెండు రోజులు దాటాక డ్రెస్ వచ్చింది, రెండు పక్కలా విప్పి, మార్జిన్ వదిలి, పూసలు మళ్లీ కుట్టి, ఎక్కడ విప్పారో తెలియనంత శుభ్రంగా. నేను ఆ రెండు రోజులు కలిపే తేదీ రాయించాను, అది ఆవిడకి తెలియదు.

కాబట్టి వెళ్లొచ్చా అని అడిగితే, చేతిలో 8, 9 నెలలుండి, స్టూడియో దగ్గరే ఉండి, వెళ్లి మగ్గం చూసి రాగలిగినవాళ్లయితే వెళ్లండి, అలాంటి పని దొరకడం కష్టం. దూరంగా ఉండి ఫోన్ల మీద నడిపించాలనుకునేవాళ్లు వద్దు. పెళ్లి 4 నెలల్లో ఉంది అన్నవాళ్లు అసలే వద్దు, ఆవిడ ఒప్పుకుంటారు, అదే సమస్య. జవాబు రాకపోతే నిద్ర పట్టని మనిషైతే కొంచెం సాదా పని చేసే వేరే డిజైనర్‌ని చూసుకోండి, తేడా ఫొటోల్లో మీకు తప్ప ఎవరికీ కనిపించదు. బట్ట మీరే కొనిచ్చేటట్లయితే మీటర్లు లెక్క రాయించుకుని, మిగిలింది డెలివరీ రోజే ఇప్పించుకోండి. రంగు కలవలేదని పక్కన పెట్టిన నా గేరా బట్ట ఇంకా అక్కడే ఉంది, మొన్న అడిగితే నీలం టిక్కులు వచ్చాయి.